కుడివైపు పైమూల

కీత్లీలో ఆల్బియన్ థియేటరు మెట్లు పదిహేడు.
పాత ప్రొజెక్టర్లు రెండింటినీ ముక్కలుగా విప్పి
ఆ మెట్ల మీంచి దింపించింది నేనే.
కంపెనీ వ్యాను, కంపెనీ స్క్రూడ్రైవరు,
కంపెనీ నేర్పిన చిరునవ్వు.

ఐవర్ ఓల్డ్‌రాయిడ్ అడ్డం పడలేదు.
ముప్పై ఎనిమిదేళ్లు ఆ గదిలో నిలబడ్డ మనిషి
నాకు టీ కలిపిచ్చి, ఒక్క సంగతి చెప్పాడు:
"తెరకి కుడివైపు పైమూల చూడు.
చుక్క పడుతుంది. మోటారు వెయ్యి.
ఏడు లెక్కపెట్టు. ఇంకో చుక్క.
అప్పుడు రెండో మిషనుకి మారు.
హాల్లో ఎవరికీ తెలియకూడదు. అదే పని."

ఇద్దరు పట్టుకుంటే గాని లేవని రీలు పెట్టెలు పోయి
టిఫిను డబ్బాంత హార్డ్ డిస్కు వచ్చింది.
దాని తాళంచెవి ఈమెయిల్లో వస్తుంది.
ఫలానా గంటకి తెరుచుకుంటుంది,
ఫలానా గంటకి మూసుకుంటుంది,
మధ్యలో దేవుడు దిగొచ్చి బతిమాలినా వినదు.

మొదటి ఆట మార్చి ఆఖరి ఆదివారం.
ఆ తెల్లవారుజామునే దేశమంతా
గడియారాన్ని గంట ముందుకి జరుపుకుంది.
తాళంచెవి జరుపుకోలేదు.

రెండింటికి హాలు నిండింది. తెర నల్లగా.
పైన నేను, చెమటలు కక్కుతూ,
లండనుకి ఫోను మీద ఫోను.
"ఇంకో యాభై రెండు నిమిషాలు. ఆగాలి, అంతే."

చిన్న అద్దంలోంచి కిందికి చూశాను.
ఐవర్ టికెట్టు కొనుక్కుని
నాలుగో వరసలో ఉన్నాడు, కోటు విప్పకుండా.
ముందు వరసలో ఓ పిల్ల, విసుగెత్తి,
ఫోను లైటు తెర మీదికి కొట్టింది.
ఎవరో చెయ్యి అడ్డం పెట్టారు, కుక్క అయింది.
మొరుగుడు ఇంకెవరో అందుకున్నారు.
తర్వాత కుందేలు, కొంగ,
ఎవరి నాయనమ్మదో పూల టోపీ.
ఆ నవ్వులు నా అద్దం దాకా వచ్చి కొట్టుకున్నాయి.

మూడింటికి బొమ్మ పడింది.
గీత లేదు, దుమ్ము లేదు, వణుకు లేదు,
కడిగి బోర్లించిన పళ్లెంలా.
వెనక వరసల్లో కొందరు "అయ్యో" అన్నారు.
కుక్క కోసమో ఏమో.
నా రిపోర్టులో దానికి గడి లేదు.

ఇరవయ్యో నిమిషం దగ్గర పడుతుంటే
ఐవర్ తల కాస్త పైకి లేచి
కుడిమూలకి తిరిగింది.
చుక్క రాలేదు. రాదు.
ఏడు లెక్కపెట్టేంత సేపు ఆగి
అతని కుడిచెయ్యి గాల్లోకి వెళ్లి
లేని మీటని కిందికి లాగింది.

హాల్లో ఎవరికీ తెలియలేదు.