రెండు పడవల వల

కొలతలు రాసి, కింద యాభై మాటలు,
అంతకు మించొద్దన్నారు.
పొడవు రాశాను. కన్ను వెడల్పు రాశాను.
నూలు తాడు, చెట్టు బెరడు కషాయంలో నానేసిన రంగు.
సీసపు గుండ్లు నూట పద్నాలుగు, మూడు లేవు.
ఆగాటా నా భుజం మీంచి తొంగి చూసి
"ఎవరి వలని రాశావు?" అంది.
"మీ నాన్నది."
"సగం" అంది.

తొంభై ఒకటో ఏట కూడా ఆమె చూపుడువేలు
వలకండె పట్టుకున్నట్టే వంగి ఉంటుంది.
శాన్ ఫ్రాన్సిస్కో రేవు వెనకాల, రేకుల షెడ్డులో
ఆగస్టు నెల దుప్పటి కప్పుకుని కూర్చుంది.
ఎండ ఉందని మేమిద్దరం నమ్ముతున్నాం, అంతే.

రెండు పడవలు.
సిసిలీలో తాత జానలతో కొలిచి చెప్పిన లెక్కకి
ఇక్కడి ఎర్రచెక్కతో కట్టినవి.
మూడుమూలల తెరచాప పోయి ఇంజనొచ్చింది గాని
నడుము మాత్రం పాత ఊరి నడుమే.
ఒక కొస నాన్న పడవకి, ఒక కొస మావయ్య పడవకి.
మధ్యన వల నోరు తెరుచుకుని
అడుగు బురదని నాక్కుంటూ వస్తుంది.
ఒకడు ముందుకు పోతే మూతి వంకర.
దగ్గరికొస్తే నోరు మూత.
మరీ ఎడంగా పోతే తాడు తెగుద్ది.
"మరి ఎంత దూరం?" అన్నాను.
"మాట వినపడాలి, అర్థం కాకూడదు."

తొమ్మిదేళ్లు వాళ్లకి మాటల్లేవు.
ఎందుకో మూడు రకాలుగా చెప్పింది.
ఇంజను అప్పంది. మర్నాడు,
ఎవరి బిడ్డ నామకరణంలోనో వడ్డించడం మరిచిన పళ్లెం అంది.
మూడోసారి "మా అమ్మ" అని మొదలుపెట్టి
కాఫీ చల్లారిపోతోందంది.
తొమ్మిదేళ్లూ వల ఒక్క పూట ఆగలేదు.
మావయ్య లాంతరుకి రెండుసార్లు చెయ్యడ్డం పెడితే లాగమని.
నాన్న టోపీ తీస్తే చాలని.

నా నోట్లో ఒక మాట ఠక్కున పడింది,
బావమరుదులు.
అర్థం చెప్పాను.
"మాకూ ఉందిలే, మా ఇంట్లో అది తిట్టు" అంది.

ఏం పడేవని అడిగాను.
అరచెయ్యి చాపి చూపించింది, పల్చగా,
రెండు కళ్లూ ఒకే పక్కకి జరిగిన చేపలు.
మా కాకినాడలో వాటిని నాలుక చేపలంటాం అన్నాను.
ఒక్క క్షణం ఊరుకుంది.
తర్వాత మోకాలు చరుచుకుని, కళ్లు తుడుచుకుని నవ్వింది,
"నోరు విప్పని ఇద్దరూ
బుట్టల్నిండా నాలుకలు మోసుకొచ్చారన్నమాట."

ఒక ఫిబ్రవరి, పొగమంచు.
మావయ్య పడవలో కుర్రాడు జ్వరమొచ్చి రాలేదు.
చుక్కాని దగ్గర మావయ్య గుండె ఆగింది.
పడవ ఆగలేదు.
లాంతరు కదలట్లేదేంటి, మొండివాడు, అనుకుని
గంటసేపు నాన్న
అదే దూరంలో, అదే వేగంతో
పక్కపక్కనే నడిపాడు.
ఆ గంటలో పడ్డంత చేప ఏడాదంతా పడలేదట.

"తర్వాత?"
"నాన్న ఎప్పుడూ చెప్పలేదు.
ఇంటికొచ్చేసరికి ఆయన గొంతు పోయింది.
వారంపాటు అమ్మ ఉప్పునీళ్లు కాచింది."

ఒక పడవతో ఈ వల లాగలేరు.
మడిచి పెట్టారు, మడతల్లో ఆ నాటి ఇసక ఇంకా ఉంది.
దులపబోతే నా చెయ్యి పట్టుకుంది.
"గోడకి మేకు కొట్టి వేలాడదీయకండి,
గోడ మీద దానికి దుమ్మే పడుద్ది.
రెండు గుంజలు పాతండి. మధ్యలో కాస్త వాలనివ్వండి."

నలభై మూడు మాటలయ్యాయి.
ఎవరిది అన్నచోట కొట్టేసి, మళ్లీ రాసి, కొట్టేశాను.
ఆగాటా కోటు జేబులోంచి
సీసపు గుండొకటి తీసి బల్ల మీద పెట్టింది,
వేళ్ల రాపిడికి నున్నబడింది.
కాసేపు చూసుకుని
మళ్లీ జేబులో వేసుకుంది.
"నువ్వు రాసిందే ఉండనీ,
మూడు లేవు."