రెప్ప వేసే తెర

రిచీ స్ట్రీటులో మా కొట్టుకు బోర్డు లేదు.
మెట్ల కింద మూడడుగుల జాగా, ఒక సోల్డరింగ్ ఐరన్,
వానొస్తే స్టూళ్ళ మీదికెక్కే సీపీయూలు.
అక్కడికి ఆటోలో తెచ్చింది ఆండాళమ్మ
పాత దుప్పట్లో చుట్టిన కంప్యూటర్ని,
కాళ్ళు కట్టిన కోడిని సంతకు తెచ్చినట్టు,
డ్రైవరుతో మీటరు దగ్గర అరుస్తూ.

"ఎక్స్‌పీనే. మార్చబాకు" అంది ముందే.
"కొత్తది వేస్తే మా ఎలక రాదంట."

ఎలకంటే ఒక ఆట.
లాంతరు పట్టుకున్న ఎలక, ఏడు గుహలు,
పైనించి రాళ్ళు. అంతే కథ.
హైకోర్టులో ముప్పై రెండేళ్ళు టైపు కొట్టిన వేళ్ళకు
రిటైరయ్యాక దొరికిన పని.

"ఎగ్మూరు కంటాసుపత్రిలో పొర తీశారు నాయనా,
ఇన్నాళ్ళూ మంచులో ఆడినట్టున్నా.
ఇప్పుడు చూస్తే తెర ఒకటే కొట్టుకుంటా ఉంది,
గాలికి దీపం అనుకుంటివా, కాదు,
అబద్ధం చెప్పేవాడి కన్ను."

చూశాను. నిజమే.
ఫోటోలు తెరిస్తే నిమ్మళం, ఆట తెరిస్తేనే వణుకు.
కేబుల్ మార్చాను. పిన్నులేం వంగలేదు.
అరవై హెర్ట్జ్‌ని ఎనభై అయిదు చేశాను,
ఆట మొదలవగానే మళ్ళీ అరవైకే చేరింది
కట్టుగొయ్య వెతుక్కునే గొడ్డులా.
డ్రైవర్ పీకేసి, రెండువేల అయిదు నాటిదాన్ని
గీతలు పడ్డ సీడీలోంచి బతిమాలి దించాను.
సగం తగ్గింది.
రంగుల్ని పదహారు బిట్లకు తగ్గిస్తే
లాంతరు వెలుగు మెట్లుమెట్లుగా విరిగింది.
చూడలేక మళ్ళీ పెంచేశాను.
కరెంటు పోయింది. టీ తాగాను.
సాయంత్రం ఆట గుర్తు మీద కుడి బటన్ నొక్కి
'తొంభై ఎనిమిదిలో ఉన్నట్టే నడువు' అని
ఒక్క టిక్కు పెట్టాను.
అంతే.
నువ్వింకా నీ కాలంలోనే ఉన్నావని చెబితే చాలు
వణుకు ఆగిపోయే ముసలివాళ్ళను నేనూ ఎరుగుదును.

తెర నిలిచింది.
దేవతలు రెప్ప వెయ్యరంటారే, అట్లాంటి చూపు.
అనిమిషంగా, చల్లగా, కొంచెం భయంగా కూడా.
రెండువందల యాభై ఎంచి ఇచ్చి వెళ్ళిందామె.

శుక్రవారం మళ్ళీ ఆటో. మళ్ళీ అదే దుప్పటి.
"నాలుగో గుహ దాటలేకపోతన్నా."
కూర్చుని ఆడి చూపించింది. రాయి పడింది. ఎలక చచ్చింది.
మళ్ళీ పడింది. మళ్ళీ చచ్చింది.
మూడోసారి నేను తెర మానేసి
ఆమె వేళ్ళను చూశాను.
దేనికోసమో ఎదురుచూస్తున్నాయవి.

అప్పుడు తట్టింది.
ప్రతి రాయికీ ముందు తెర ఒకసారి రెప్ప కొట్టేది,
మెమరీలోకి రాయిని ఎత్తుకునేప్పటి తడబాటు.
పదకొండేళ్ళు ఆ రెప్పపాటు చూసే ఎగిరింది ఈమె,
కంటి మీద పొర ఉన్నన్నాళ్ళూ,
తనకే తెలీకుండా.
జబ్బనుకుని నేను తీసేశాను
ఆమెకు ముందుగా అందే కబురుని.

"మళ్ళీ పెట్టు."
"మరి కళ్ళు?"
"కళ్ళు డాక్టరువి. చేతులు నావి."

టిక్కు తీశాను. మనసొప్పలేదు.
ఒకే ఆటకు రెండు గుర్తులు చేసి
ఒకదాని కింద 'కన్ను' అనీ
ఇంకోదాని కింద 'చెయ్యి' అనీ రాశాను.
ఆమె నవ్వలేదు,
ఒత్తులు సరిగ్గా పడ్డాయా అని ముక్కు ఆనించి చూసింది.
చూసి, పోయినవారం ఇచ్చిందాంట్లో
యాభై వెనక్కడిగింది. ఇచ్చాను.

ఆటో మలుపు తిరిగింది.
నాలుగు నెలలుగా కొట్టుకుంటున్న మా ట్యూబులైటుకి
కొత్త స్టార్టరు పట్టుకుని స్టూలెక్కి
కాసేపు అట్లాగే నిలబడ్డాను.
తర్వాత మార్చేశాను.
నా మీద పడే రాళ్ళు చెప్పి రావు.