కాంట

ఇగో లింబాద్రీ, తాళంచెవులు.
పెద్దది ముందర షట్టరుకు. సగం లేపినంక ఒక్కసారి తన్నాలె,
తంతెనే మిగిలింది లేస్తది.
చిన్నది బీరువకు. మూడోది దేనిదో
నాకిచ్చినోనికి గూడ ఎర్క లేదు. పారెయ్యకు మల్ల.

హాలు కాకముందు ఇది చేపల ఐసు గోదాం.
మత్రా రేవు కాడికెల్లి తెల్లారకముందే బండ్లొచ్చేటియట,
వంజరాలు తూకమై, ఎండ ఎక్కకముందే పోయేటియట.
అర్బాబు హమూద్ ముసలాయన.
కొడుకులు చేపల పని వద్దన్నంక
నెలకు డెబ్బై రియాళ్లకు మనకిచ్చిండు.
మొదటి కిరాయి పదకొండు మందిమి జమ చేసినం.
అందుట్ల ఐదుగురికి బతాకలే లేవు,
పుస్తకంల పేరు రాయద్దన్నరు, పైసలు మాత్రం అందరికన్న ముందిచ్చిన్రు.

వాసన పోవాల్నని మూడుసార్లు సున్నమేసినం. పోలే.
ఎండకాలం ఏసీ బందైన నాడు
గోడలకు ఇప్పటికీ ఉప్పు చెమట పడ్తది.

ఇగ సామాను.
క్యారం బోర్డుకు ఎర్రకాయ పోయింది,
అంగి గుండీ పెట్టి ఆడుతున్నరు, దానికే అందరు కొట్లాడుతరు.
కుట్టుమిషన్లు రెండు. శుక్రారం పొద్దుగాల రాయచోటి ఆడోళ్లవి.
వాళ్లు లోపటికొస్తె మనం బయట మెట్ల మీద కూసోవాలె.
నాగసుబ్బమ్మ పెట్టిన కానూను అది.
ఆమె పోయి తొమ్మిదేండ్లాయె, కానూను పోలే.
ఔట్‌పాసులిచ్చిన యేడు ఈ బండల మీద డెబ్బై మంది పండుకున్నరు.
చాపలు పదహారే ఉండె. ఇప్పుడు పద్నాలుగున్నయి.
బీరువ తలుపుకు లోపలి దిక్కు ఒక కాగితం అంటించి ఉంటది.
నొప్పి, జీతం, పాస్‌పోర్టు, నీళ్లు,
అరబ్బీల ఎట్లనాలెనో మంగలి కుంజుమోన్ చెప్తాంటె
మన అక్షరాలల్ల నేనే రాసిన.
నొప్పి కాడ ఏండ్ల సంది వేళ్లు పెట్టీ పెట్టీ
మాట అరిగిపోయింది. కొత్తగ రాసుకో.

మూలకున్నది కాంట.
చేపలు తూచినదే. బరువని అర్బాబు ఇడిసిపోయిండు.
ఈ గల్లీల ఇంటికి పోయెటోడు ఎవడైనా
ముందురాత్రి బ్యాగు తెచ్చి దీని మీద పెట్టాల్సిందే.
ముప్పై కిలోలు. ముల్లు జర దాటితె
టాంగు డబ్బ తీస్తడు. బిడ్డ బూట్లు తీసి మల్ల పెడ్తడు.
అవ్వకు కొన్న కంబలి తీస్తడు, సూస్తడు, పెడ్తడు,
ఆఖరికి తన అంగీలే తీస్తడు.
ఆ అంగీలన్నీ అటక మీదున్నయి.
కొత్తగొచ్చినోనికి ఎవనికన్న అక్కెరైతె ఇయ్యి. రాసుకోకు.

ఒక్క మాట, ఎవ్వలకు చెప్పకు.
ఇది అర్ధకిలో ఎక్కువ సూపిస్తది.
నాకు రెండో యేడే తెలిసింది, బాగు చేపిద్దామనుకున్న.
అదే వారం వెల్గటూరు పోరడొకడు
తొందరల తూచకుంటనే పోయిండు.
ఎయిర్‌పోర్టుల లైన్ల అందరి ముంగట బ్యాగు ఇప్పిచ్చిన్రట,
సబ్బులు, చెడ్డీలు, పెండ్లాం కోసం దాసిన గాజుల పెట్టె.
ఫోన్ల చెప్పుకుంట నవ్విండు.
ఆ నవ్వు నాకు మంచిగనిపియ్యలే.
అప్పటిసంది స్క్రూ ముట్టలే.
తీసేదేదో ఇక్కడ తీస్తె, మనోళ్ల నడుమ తీసినట్టుంటది.

శవప్పెట్టెలు దీని మీద తూచం. అది కార్గోల వాళ్లే తూస్తరు.
పోశెట్టిని పంపిన్నాడు ఆడ తూకం చిట్టి మీద సంతకం నాది.
ఆ చిట్టి బీరువల ఉన్నది. అంకె సూడకు.

నిన్న రాత్రి అందరు పోయినంక నా బ్యాగు పెట్టిన.
ఇరవై రెండేండ్లు.
ముల్లు ఇరవై ఆరున్నర కాడ ఆగింది.
ఆ అర్ధకిలో నాది కాదని నాకెర్కే,
అయినా లెక్కల తీసెయ్య బుద్ధి కాలే.

పొద్దుగూకంగ మెట్ల కాడ లైటెయ్యి.
షట్టరు యాదికున్నది గదా,
తన్నాలె.