ఆయ్

రాజోలు వాణీ టాకీసులో
ముప్పై ఒక్క ఏళ్ళు రీళ్ళు తిప్పాను.
కుడుపూడి వెంకటరత్నాన్ని తెర మీద
ఈ ఊళ్ళో మొదట చూసింది నేనే,
ఖాళీ హాల్లో, ప్రింటు సరిచూసుకుంటూ.
పోస్టుమేన్ వేషం. సైకిలు దిగకుండానే
"టెలిగ్రాం" అన్నాడు. అంతే.
పదకొండు సెకన్లు.
సైకిలు మాత్రం బాగా తొక్కాడు,
మలికిపురం కాలవగట్టు మీద నేర్పింది నేనే.

పాత ప్రింటు. పన్నెండుసార్లు తెగింది అక్కడే.
అతకాలంటే అటో ఫ్రేము ఇటో ఫ్రేము కోసెయ్యాలి.
హీరోయిన్ ఏడుపు వైపు కొయ్యొచ్చు,
నేల టిక్కెట్టు జనం ఊరుకోరు.
రత్నాన్నే కోశాను.
పెట్టె అమలాపురం బస్సెక్కేనాటికి
వాడు పది సెకన్లే మిగిలాడు.
ముక్కలు పారెయ్యలేదు.
జర్దా డబ్బాలో దాచాను.

తర్వాత చాలా వేశాడు.
కళ్ళజోడు తీసి తల అడ్డంగా ఊపే డాక్టరు,
అంతా అయిపోయాక వచ్చే ఎస్సై,
పీటల మీద పెళ్ళి ఆగిపోతే
కండువా దులుపుకు లేచే ఎవరో పెద్దమనిషి.
మొదట్లో వాళ్ళకి వాడి "ఆయ్" అడ్డమొచ్చేది.
బెజవాడ కుర్రాడెవడో వాడి నోట్లోంచి మాట్లాడేవాడు.
వాళ్ళమ్మ మంగాయమ్మ సగం సినిమాలో లేచిపోయింది:
"మొకం మావోడిదే. గొంతెవరిదో."

పదేళ్ళకి ఎవడో కనిపెట్టాడు,
ఆయ్ అంటే జనం నవ్వుతారని.
ఇక డైలాగుకి మూడు ఆయ్‌లు.
దొంగతనానికొచ్చినా ఆయ్, శవాన్ని మోస్తున్నా ఆయ్.
అంబాజీపేటలో రెండు గదులు, రేకుల వసారా
ఆ ఆయ్‌లతోనే కొన్నాడు.
ఆ ఏడాది నుంచే మా ముందు ఆ మాట మానేశాడు.
మా మేనకోడలి పెళ్ళిలో
"పప్పు వడ్డించమంటారా" అంటే
"అవునండి" అన్నాడు, వాచకం చదివినట్టు.
గరిటె పట్టుకున్నవాళ్ళు
నోటి వైపే చూస్తున్నారు మరి.

టాకీసు మూసేశారు. సామాన్లు తూకానికి పోయాయి.
నేనూ వాణ్ణి టీవీలోనే చూశాను, మావగారిగా.
నాలుగు వందల పన్నెండో భాగంలో గుండెపోటు.
డబ్బులు పెంచమన్నాడట.
దండేసిన ఫొటో మాత్రం గోడ మీద రెండేళ్ళు,
కోడలు రోజూ దాని ముందే ఏడ్చేది.
"ఫొటోకి బేటా ఉండదంటరా" అని
ఫోన్లో నవ్వాడు.
సంతలో చక్రకేళీ గెల బేరమాడుతుంటే
ఒకావిడ వాడి చెయ్యి పట్టుకుని చూసిందట,
వెచ్చగా ఉందో లేదో అని.

మొన్న కార్తీకంలో
సఖినేటిపల్లి రేవులో పంటు ఎక్కాం,
నరసాపురం కంటాసుపత్రికి.
శుక్లం వాడిది, తోడు నేను.
మంచు. అవతలి గట్టు కనపడటం లేదు.
టిక్కెట్లు చింపే కుర్రాడికి పదహారుంటాయేమో,
తలెత్తకుండానే అడిగాడు,
"ఇద్దరేనాండి?"

"ఆయ్" అన్నాడు రత్నం.

కుర్రాడు చిల్లరిచ్చి
మేకపిల్లతో ఉన్న ముసలాయన దగ్గరికెళ్ళాడు.
ఎవరూ నవ్వలేదు.
రత్నం కాసేపు అలాగే నిలబడ్డాడు,
ఎవరైనా ఇంకోసారి అడుగుతారేమో అన్నట్టు.

నా జేబులో జర్దా డబ్బా ఉంది.
ఇద్దామనే తెచ్చాను.
ఇప్పుడిస్తే మసగ్గా కనపడుతుంది,
ఆపరేషను కానీలే అని
ఊరుకున్నాను.