నయమైనకొద్దీ

సకాతాలో జనవరి మంచు కిందికి రాలదు,
సముద్రం వైపు నుంచి అడ్డంగా వస్తుంది.
అట్లాంటి ఒక పొద్దున
చేపల వ్యాను బ్రేకు వేసింది, రోడ్డు మాట వినలేదు.
సెలూను నడిపే హొజుమి కికుఎ
సైకిలు దిగి నడిపించుకుంటూ వస్తోంది.
అరవై ఒకటో ఏడు. కుడి భుజం.

నా పని కొలవడం.
రెండు ప్లాస్టిక్ బద్దలు, మధ్యలో ఒక మేకు,
బడిపిల్లల పెట్టెలోని కోణమానికి అక్క లాంటిది.
ఎడమ చెయ్యి ఎత్తి చూశాను: నూట డెబ్బై.
అందులో సగం ఎనభై ఐదు.
కుడి చెయ్యి అక్కడ ఆగిపోతే పదో తరగతి,
దాటి పైకి వస్తే పన్నెండో తరగతి.
పదికి వచ్చే డబ్బులో పన్నెండుకి సగం కూడా రాదు.
ఈ బడిలో
పై తరగతికి వెళ్లినవాళ్లదే నష్టం.

కికుఎ బాగా చదివింది.
పదకొండు నెలలు, ప్రతి సోమవారం.
సోమవారం సెలూన్లకి సెలవు;
మిగతా ఆరు రోజులూ తన షాపు మూసే ఉందని
ఆ అలవాటుకి ఎవరూ చెప్పలేదు.
కప్పీ తాడు లాగింది. గోడ మీద
వేళ్లని బల్లిలా పాకించింది,
పాకినంత మేర, ధరల పట్టీ పక్కన,
కనుబొమల పెన్సిలుతో గీతలు పెట్టింది.

డాక్టరు తేదీ వేశాడు.
ఆ రోజుతో నయం కావడం ఆగిపోయినట్టు లెక్క.
ఆ తర్వాత ఎముక ఏం చేసుకున్నా
అది దాని సొంత విషయం.

మేనల్లుడు షిగెనారి నన్ను వరండాలో ఆపాడు.
నడుం దాకా వంగి, నేలతో అన్నట్టు:
"చెయ్యి ఎత్తేది మీరే కదా,
నొప్పి ఎక్కడ మొదలవుతుందో
కాస్త మీ చేతిలోనే ఉంటుంది."
నిజమే. నా చేతిలోనే ఉంటుంది.
మందుల కొట్లోనే కాదు, ఇక్కడ కూడా
నయమైనకొద్దీ ధర నయమవుతుంది.

ఎనభై.
ఎనభై నాలుగు.
అక్కడ ఆగాను, ఊపిరి తీసుకోవడానికి అన్నట్టు.
"నొప్పిగా ఉంటే చెప్పండి."
"ఉంది. కానివ్వండి."
గొంతు తగ్గించి లెక్కంతా చెప్పాను,
పది, పన్నెండు, వాటి మధ్యనున్న సున్నాలు.
విన్నది. చెమట పై పెదవి మీద.
"చెయ్యి చాచడానికైతే ఎనభై ఐదు చాలు," అంది.
"జుట్టు కత్తిరించడానికి చాలదు.
ఆ పైన ఉన్నవాటికి నేను పదకొండు నెలలిచ్చాను.
ఊరికే తిరిగిచ్చేయమంటారా?"

తొంభై ఒకటి.
బద్ద వణకలేదు. బొటనవేలు వణికింది, నాది.
రాశాను.

ఉత్తరం చెర్రీపూలు రాలాక వచ్చిందట.
షిగెనారి ఇప్పుడు నాకు వంగడం లేదు.
తప్పు పట్టను. నేనూ కొన్ని రాత్రులు
ఆ ఏడు డిగ్రీలనీ కిందికి దింపి చూసుకుంటాను,
ఎవరికి పోయేది అని.

జూన్లో షాపు తెరిచింది.
చెయ్యి తిరిగిన మనిషి అనేవాళ్లు ఆవిణ్ణి.
ఇప్పుడు తిరిగినంత వరకే తిరుగుతుంది, కాబట్టి
చెయ్యి పైకి పోకపోతే తల కిందికి రావాలని
కుర్చీ స్తంభాన్ని పడవలు బాగుచేసే చోట
జానెడు కోయించింది.
కూర్చున్నాను. మోకాళ్లు గడ్డానికి తగిలేలా,
పెద్దవాళ్ల పెళ్లికి వచ్చిన పిల్లాడిలా.
అద్దం మాత్రం పాత ఎత్తులోనే ఉంది;
అందులో నా నుదురు ఒక్కటే కనిపిస్తోంది,
దాని పైన ఆవిడ, మొత్తం.

నురగ. కత్తి. "కదలకండి."
కదల్లేదు.
కళ్లు మాత్రం అద్దంలో
ఆవిడ మోచేతి వెంట మెల్లగా ఎక్కుతున్నాయి,
డెబ్బై, డెబ్బై ఐదు...
కనిపెట్టేసింది.
కత్తి పక్కన పెట్టి, వేడి తువ్వాలు
నా కళ్ల మీదికి లాగింది.