కొలతల టేపు

కుటైసీలో నవంబరు.
లమారా వంటింట్లోకి ఎండ
మూడుంబావుకి వస్తుంది,
ఎదురు మేడ మీద ఆరేసిన దుప్పట్లు దాటుకుని.
పదకొండు నిమిషాలుండి పోతుంది.

మాకు లైట్లు లేవు.
ఉన్న ఒక్కటీ వాఖో బావమరిది పెళ్లికి వెళ్లింది.
ఫోకస్ చూసే మనిషికి ఇవ్వడానికి డబ్బుల్లేవు
కనుక ఆ మనిషినీ నేనే.

లెన్సు నుంచి ఆమె కంటిదాకా టేపు చాపాను.
నలభయ్యేళ్లు ఫ్యాక్టరీలో కోట్లు కుట్టిన ముసలమ్మ
భుజాలు నిటారు చేసి, చేతులు కాస్త ఎడంగా పెట్టి
ఊపిరి వదిలి నిలబడింది.
"గౌనుకేనా?"
"కాదు, మీరు మసకబారకుండా."
"అయితే అంత బిగించకు పిల్లా,
బిగిస్తే టేపు అబద్ధమాడుతుంది."

నూట ముప్పై రెండు సెంటీమీటర్లు.
వదులు చేస్తే నూట ముప్పై నాలుగు.

ఎండ వచ్చింది.
కథ ప్రకారం ఇల్లు అమ్ముడైపోయింది, ఆమె ఏడవాలి.
ఏడవలేదు.
జాకెట్టు గుండీ ఊడిందని
సూదిలోకి దారం ఎక్కించబోయింది.
తప్పింది. మళ్లీ తప్పింది.
మొహం ముందుకు వంగింది, నా అంకెలన్నీ దాటి.
రింగు మీద నా వేళ్లు ఆమె వెంట నడిచాయి
వెంట్రుకవాసి వెనకగా.

దుప్పట్ల నీడ గోడెక్కింది.
వాఖో కట్ చెప్పడం మరిచిపోయాడు.

రాత్రి ల్యాప్‌టాప్‌లో చూసుకున్నాం.
కళ్లు మసక. చెంపలూ మసకే.
సూది ఒక్కటే
బెజ్జంతో సహా స్పష్టం.
రేపు మళ్లీ తీద్దామన్నాడు.
నేను కిటికీ తీసి మబ్బు చూపించాను,
కాస్త సంతోషంగానే.

పొద్దున లమారా ఒక్కటే అడిగింది:
"మూడోసారి ఎక్కింది కదా,
కనబడిందా?"