మూడు ట్రిప్పులు

అన్నను కలవాలంటే పామూరు రోడ్డు వైపు గేటు.
పని కావాలంటే
గొడ్లచావిడి పక్క సందు.
ఈ సంగతి తెలియడానికి
నాకు రెండు ఎండాకాలాలు పట్టింది.

ముందు హాల్లో శాలువాలు, సెల్ఫీలు,
"చూద్దాం, చేద్దాం" అనే ఆయన పెద్ద గొంతు.
వెనక వసారాలో చాట నిండా కందిపప్పు,
మట్టిబెడ్డలు ఏరుతూ వెంగమ్మ.
పక్కన పాల లెక్కల పుస్తకం.

ట్యాంకర్ల బిల్లు మూణ్ణెల్లుగా ఆగిపోయి
ఆ రోజు సందులోంచి వెళ్లాను.
కూర్చోమనలేదు. మజ్జిగ ఇచ్చింది.
"మస్తానూ, రోజుకెన్ని ట్రిప్పులబ్బయా?"
"ఎనిమిదమ్మా."
చాట ఒక్కసారి చెరిగింది.
"అయిదు ఊరు తాగింది.
మిగతా మూడూ ఎవరు తాగారు?"

మజ్జిగలో ఉప్పెక్కువైందో
నా గొంతే ఎండిందో.

అరవలేదు. ఆఫీసరుకు ఫోన్ చెయ్యలేదు.
"రేపట్నుంచి ఆ మూడూ గుట్టకింద కాలనీకి తోలు.
బోరునీళ్లు తాగి ఆ పిల్లకాయల పళ్లు
ఎట్ట గారపట్టి ఉండాయో చూశావా?"
నా కళ్లు తడవబోయాయి.
"నూట పన్నెండు ఓట్లు గూడా ఉండాయి ఆడ,"
అంటూ ఇంకో బెడ్డను ఏరి పారేసింది.

ఆ రెండు మాటల్లో ఏది ముందు పుట్టిందో
దారంతా ఆలోచించాను. తేలలేదు.

ఆదివారం కనిగిరి సభలో
"కాలనీకి మూడు ట్యాంకర్లు!
రాత్రంతా నేనే ఆలోచించా!" అన్నాడు అన్న.
అందరికన్నా గట్టిగా నేనే చప్పట్లు కొట్టాను.
ఆయన అబద్ధమాడాడనుకోను.
నిద్రలో విన్న మాటను
తన ఆలోచనే అనుకుని లేచి ఉంటాడు.

మండలం సీటు ఆడవాళ్లకు వచ్చినప్పుడు
అందరం ఆమె పేరే అన్నాం.
"గోడమీది పేరు వానకు కారిపోద్ది," అంది.
పాలుపోసే గురవమ్మ నిలబడింది, గెలిచింది.
ఇప్పుడు ఏ కాగితం తీసుకెళ్లినా
"సాయంత్రం పాలు పోసొచ్చి సంతకం పెడతా" అంటుంది.

నా బిల్లు వచ్చింది.
అది చెప్పడానికి వెళ్లినప్పుడే
తెరిచి ఉన్న పుస్తకంలో చూశాను:
పాలు లీటరున్నర, తవుడు బస్తా,
మస్తాను.
పేరు పక్కన ఒక చిన్న చుక్క.

అది బాకీయో, చెల్లో
అడగలేదు.
ఎనిమిది ట్రిప్పులూ తోలుతున్నాను.